లార్డు యాడపల్లీ గారి ఊరు

ఇంగ్లండులో లార్డు యాడపల్లీ అని ఒక పెద్దమనిషి ఉన్నాడు. ఆ బిరుదుకి ఆయన ఏడోవాడు. ఈ సంగతి నాకు మొన్నమొన్నటి దాకా తెలియదు. తెలియనందువల్ల నాకొచ్చిన నష్టమూ ఏమీ లేదు. పల్లెటూళ్ళలో విడిదిళ్ళు కట్టి అద్దెకిచ్చే బెంగళూరు కంపెనీ ఒకటి ఎవరి ద్వారానో నా నంబరు సంపాదించి, ఆ వంశచరిత్ర పుస్తకాన్ని పంపి, ఒక శిలాఫలకానికి తెలుగు రాసిపెట్టమంది. చలికాలంలో లార్డుగారు స్వయంగా వచ్చి, తన పేరులో ఉన్న ఊళ్ళో ఆ రాయిని ఆవిష్కరిస్తారట.

నేను కాకినాడలో కూర్చుని అనువాదాలు చేసుకునే మనిషిని. కాగితం మీద తప్పు పడితే చింపేసుకోవచ్చు, రాతి మీద పడితే మనం పోయాక కూడా ఉంటుంది. అందుకని ముందు ఊరు చూసి రాస్తానన్నాను. మ్యాపులో వెతికితే, పుస్తకంలో చెప్పిన మదనపల్లె చుట్టుపక్కల యాడపల్లె అనే ఊరే లేదు. కంపెనీ వాళ్ళని అడిగితే, "అంతరించిపోయిన గ్రామం మేడమ్, అదే దాని అందం" అన్నారు. ఊరు అంతరించడంలో అందమేమిటో అప్పుడే అడగాల్సింది.

మదనపల్లె

తిరుపతి నుంచి వచ్చిన బస్సు దిగేసరికి చలి. మా కాకినాడలో ఆ నెలలో ఇంకా ఫ్యాను కిందే పడుకుంటాం. ఇక్కడ బస్టాండులో టీ అమ్మే ఆయన మఫ్లరు చుట్టుకుని ఉన్నాడు. హోటల్లో ఇడ్లీలోకి ఎర్రగా, గట్టిగా ఒక పచ్చడి వేశారు. చెనిక్కాయలు, అంటే మన వేరుశనగలే, ఎండుమిరపకాయలతో కలిపి నూరిన ఊరుబిండి. మా వైపు ఇడ్లీకి కొబ్బరి చట్నీ కావాలి, అల్లం కావాలి, పైన నెయ్యి కావాలి. ఊరుబిండి ముందు అవన్నీ పెళ్ళివారి వేషాల్లా అనిపించాయి. ఇంకో రెండు వేయించుకున్నాను.

టమాటా మార్కెట్ చూడకుండా మదనపల్లె వదలకూడదంటే అక్కడికి నడిచాను. బి.కొత్తకోట నుంచి సరుకు తెచ్చిన రైతు ఒకాయన ఖాళీ పెట్టె మీద కూర్చుని ఉన్నాడు. ఎంతకి పోయిందని అడిగాను.

"కిలో ఆరు రూపాయలు పడిందమ్మా. లారీ బాడుగ ఎల్తే సాలనుకుంటాండా" అన్నాడు.

మా వీధిలో బండివాడు అదే టమాటా ముప్పైకి అమ్ముతున్నాడని చెప్పాను. ఆయన నావైపు చూసి, "అయితే ఆయప్పనే దొర" అన్నాడు. నవ్వలేదు. నేనూ నవ్వలేకపోయాను.

మధ్యాహ్నం లాడ్జిలో పడుకుని దొరల పుస్తకం తెరిచాను. తెరిచిన పది పేజీలకే ఒళ్ళు మండడం మొదలైంది.

మొదటి యాడపల్లీ ఈస్టిండియా కంపెనీ సైన్యంలో కర్నలు. మైసూరు మీద యుద్ధానికి ఈ కొండల దారిన వెళుతూ, శత్రువుల కోసం ధాన్యం దాచారన్న అనుమానం మీద ఒక పల్లెని "శుభ్రం చేశాడు". పుస్తకంలో మాట అదే. ఇల్లు ఊడ్చినట్టు, అంట్లు తోమినట్టు. పని ముగిశాక, మిగిలినవాళ్ళని నిలబెట్టి ఇది ఏ పల్లె అని దుబాసీ చేత అడిగించాడట. "వారందరూ ముక్తకంఠంతో యాడపల్లె అని బదులిచ్చిరి" అని రాశారు. కొన్నేళ్ళకి రాజుగారు ప్రభువు బిరుదు ఇస్తామంటే, తన మొదటి విజయానికి గుర్తుగా ఆ పేరే కోరుకున్నాడు.

రెండోవాడు జూదరి. మూడోవాడు ఇటువైపు వేటకి వచ్చి, ఒక పుంగనూరు ఆవునీ ఎద్దునీ ఓడలో తీసుకెళ్ళి తన తోటలో ముద్దుకి కట్టేసుకున్నాడు. అవి మంచులో ఒక్క చలికాలం ఆగలేదు. ఎద్దు మూపురం మీద చెయ్యి ఆన్చి దిగిన ఫోటో మాత్రం నిండు పేజీకి వేశారు. నాలుగోవాడికి ఇద్దరూ ఆడపిల్లలే. బిరుదు ఆడపిల్లలకి రాదు కాబట్టి, కెనడాలో గొర్రెలు కాచుకుంటున్న తమ్ముడి కొడుకుని వెతికి తెచ్చి అయిదోవాణ్ణి చేశారు. ఆ ఆడపిల్లలు ఏమయ్యారో పుస్తకంలో లేదు, ఎద్దు ఏమైందో ఉంది. ఆరోవాడు ప్రభువుల సభలో నలభై ఏళ్ళు నిద్రపోయాడు. చట్టం మారడంతో ఏడోవాడికి ఆ సభలో కుర్చీ కూడా లేదు, పేరు ఒక్కటే మిగిలింది. మా తాతలు నేతులు తాగారు, మా మూతులు వాసన చూడండి అనే రకం మనకే ఉన్నారనుకున్నాను. వాళ్ళ దగ్గర దానికి అచ్చుపుస్తకం కూడా ఉంది.

ఇంకో ముచ్చట. ప్రభువులు సంతకంలో సొంత పేరు రాయరట, బిరుదు ఒక్కటే రాస్తారట. ఏడుగురి సంతకాలూ చివర వరసగా వేశారు. ఉత్తరం కిందా, వీలునామా కిందా, పెళ్ళి రిజిస్టరు కిందా ఏడుగురూ రాసింది ఒకే ముక్క: యాడపల్లీ.

పుంగనూరు

మర్నాడు పుంగనూరులో దిగాను. పుంగనూరు ఆవుని పుంగనూరులో చూడాలని ఆశ. ఒక్కటీ కనపడలేదు. నడుమెత్తు కూడా ఉండని ఆ ఆవులు ఇప్పుడు పట్నాల్లో పెద్దవాళ్ళ ఇళ్ళ హాళ్ళలో, చలవరాళ్ళ మీద తిరుగుతున్నాయట, మెడలో పూసలు, కాళ్ళకి గజ్జెలతో. మూడో యాడపల్లీని తిట్టిన నోటితోనే మనవాళ్ళనీ నాలుగు తిట్టాను.

ఆటోస్టాండులో నాగరాజు అనే అబ్బాయిని పలకరించాను. పెళ్ళయి ఇద్దరు పిల్లలున్నారని తర్వాత తెలిసింది.

"యాడపల్లె వెళ్ళాలి బాబూ."

"యాడ పల్లెమ్మా?"

"అవును, యాడపల్లె."

"అదే అడగతాండానమ్మా. యాడ పల్లె?"

"అదేనయ్యా. యాడపల్లె."

అతని మొహం మాడిపోయింది. "మేం మాట్లాడేది ఇట్లనే ఉంటాదమ్మా. ఎగతాళి సేస్తే ఎట్ల? మీకు పల్లె పేరు తెల్దంటే తెల్దని చెప్పండి" అన్నాడు. పక్క ఆటోవాళ్ళు నావైపు తిరిగారు. మా వైపు 'ఎక్కడ' అనేదాన్ని వీళ్ళు 'యాడ' అంటారని నాకు తెలియక కాదు. కానీ ఊరి పేరు నోట్లో ఇరుక్కున్నప్పుడు చెవి పనిచెయ్యలేదు. ఫోను తీసి, కంపెనీ వాళ్ళు పంపిన గుర్తు చూపించాను. నాగరాజు చూసి, "ఇది కొత్తూరు దిబ్బ కదమ్మా. చౌడేపల్లె దాటినాక. యాల తిప్పితిరి ఇంత సేపు?" అన్నాడు. క్షమించమన్నాను. దారిలో చెరుకురసం తాగించాకే మెత్తబడ్డాడు.

కొత్తూరు

రోడ్డు వదిలి, వేరుశనగ చేల పక్కన మట్టిదారి పట్టాం. గుట్ట కింద ముప్పై గడపల ఊరు కొత్తూరు. దానికి అవతల బీడు, బీడు మధ్యలో నల్లమట్టి దిబ్బ. కలబంద, తంగేడు, పగిలిన కుండపెంకులు. ఒక మూల పొయ్యి రాళ్ళలా మూడు రాళ్ళు. పేరు గొప్ప ఊరు దిబ్బ అని ఊరికే అనుకుంటాం. ఇక్కడ ఆ సామెత ఉన్నదున్నట్టుగా కళ్ళముందుంది.

కంపెనీ మేనేజరు కారులో ముందే వచ్చి ఉన్నాడు. బెంగళూరు మనిషి, మంచి చొక్కా, మంచి మర్యాద. కాలితో గీత గీసి, ఫలకం ఇక్కడ, దొరగారి పేరుతో విడిదిళ్ళు అక్కడ, చుట్టూ కంచె అని చూపించాడు. బీడు పంచాయతీది కాబట్టి లీజుకి తీసుకుంటారట. ఎల్లుండి పంచాయతీలో ఆ మాట తేలుతుందట.

"ఊరివాళ్ళు ఒప్పుకున్నారా?" అని అడిగాను.

"ఇది కొత్తూరు వాళ్ళది కాదు మేడమ్. ఈ దిబ్బ యాడపల్లెది. ఆ ఊరివాళ్ళు ఎవరూ మిగల్లేదు. హిస్టరీలోనే రాసుంది కదా. మీ తెలుగు రాయి మీద పడితే పంచాయతీకి కూడా క్లియర్ అయిపోతుంది" అన్నాడు.

అంటే నా చేత రాయించేది అలంకారానికి కాదన్నమాట. అతను వెళ్ళిపోయాక నేను అక్కడే ఉండిపోయాను.

ఆవుల్ని తోలుకుంటూ ఒకావిడ వచ్చింది. రెడ్డెమ్మ. డెబ్బై దాటి ఉంటాయి. ఆమె ముందు ఆరు పొట్టి ఆవులు, తెల్లగా, ఆమె నడుము దాటని ఎత్తులో. పుంగనూరులో కనపడని ఆవులు ఇక్కడ తంగేడు పక్కన గడ్డి కొరుకుతున్నాయి.

"మీరూ కంపెనీవోళ్ళేనామ్మా?" అంది.

కాదన్నాను, ఆ మాటలో సగమే నిజమని తెలిసీ. అన్నం తిన్నావా అంది. లేదంటే ఇంటికి తీసుకెళ్ళి సంగటి ముద్ద, వంకాయ పులగూర, మజ్జిగ పెట్టింది. సంగటిని నేను ముద్దపప్పన్నంలా నములుతుంటే నాగరాజు పగలబడి నవ్వాడు. సంగటి నమలకూడదట, పులగూరలో అద్ది మింగాలట. మింగబోతే గొంతుకి అడ్డం పడి కళ్ళనీళ్ళు వచ్చాయి. రెడ్డెమ్మ నా నెత్తి మీద తట్టి, "నిదానంగా మింగమ్మా, ఎవురూ పెరుక్కోరు" అంది.

తిన్నాక మళ్ళీ దిబ్బ దగ్గరికి నడిచాం. ఆవు ఈనినప్పుడల్లా మొదటి పాలు తెచ్చి ఆ మూడు రాళ్ళ దగ్గర పోస్తారట కొత్తూరు ఆడవాళ్ళు. దూడకి కూడా ఆ తర్వాతే.

"మా అత్త పోసింది, మా అత్తకి అత్త పోసింది. పాతూరు ఉంటేనే గదమ్మా ఇంగొగటి కొత్తూరు అయ్యేది? ఆయప్పకి సెప్తే, కాదు, మీరు వేరే, ఆ ఊరోళ్ళు వేరే, పుస్తకంలో ఉండాది అంటాడు. కంచె వేస్తే నా ఆవులు యాడ మేస్తాయి? గేటు కాడికి తోలుకొస్తే వచ్చినోళ్ళు ఫోటోలు తీసుకుంటారు, దుడ్లిస్తాం అంటాడు. ఆవుల్ని నిలబెట్టి అడుక్కునేదానికా నేను మేపింది?"

"మరి ఇక్కడ పల్లె ఉండేదన్నమాట నిజమే కదా?" అన్నాను.

ఆమె దిబ్బ మీదుగా చెయ్యి ఊపింది.

"ఇంగ యాడ పల్లె? కాల్చి బూడిద సేసి పోయిరంట గదా."

పొద్దున ఆటో దగ్గర రెండుసార్లు విని కూడా నా చెవికెక్కని మాట అది. యాడ పల్లె? ఇంకెక్కడి పల్లె? వెనకాల ఇళ్ళు మండుతుంటే, ఇది ఏ పల్లె అని అడిగిన దొరకి వీళ్ళ పెద్దలు చెప్పిన జవాబు అది. జవాబు కాదు, అడగడం. నీ చేతుల్తో కాల్చేసి, ఏ పల్లె అంటావేమయ్యా, ఎక్కడుంది పల్లె అని అందరూ ఒక్క గొంతుతో అడిగారు. ఆ ముక్తకంఠం నిజమే. ఇల్లు కాలి ఒకడేడుస్తుంటే చుట్టకి నిప్పడిగాడట ఇంకొకడు. వీడు అంతకన్నా ఘనుడు, ఆ ఏడుపుని ఇంటిపేరు చేసుకున్నాడు. ఏడు తరాలు దాని కింద సంతకం పెట్టుకున్నారు. పెళ్ళాలు లేడీ యాడపల్లీలయ్యారు.

రెడ్డెమ్మకి పుస్తకంలో ఉన్నది ఉన్నట్టు చెప్పాను. ఆమె విని, దూరంగా వేరుశనగ చేలోకి దిగిన ఆవుని అదిలించింది. "ఈ మాట పంచాయతీలో సెప్తావామ్మా?" అని అడిగింది. నాకు మర్నాటి సాయంత్రానికే కుప్పం నుంచి తిరుగు రైలు టికెట్టు ఉంది. చెబుతానన్నాను.

కుప్పం

ముందు ఫలకం సంగతి తేల్చుకోవాలని మర్నాడు పలమనేరు మీదుగా, రాయి చెక్కుతున్న కుప్పం వెళ్ళాను. బస్సులో నా పక్కన కూర్చున్నామె అటువైపు అత్తగారితో తమిళం, ఇటువైపు కండక్టరుతో తెలుగు, ఫోనులో కొడుకుతో కన్నడం మాట్లాడింది. మూడు రాష్ట్రాల మాటలూ ఒక్క నోట్లో ఇమిడాయి. దుబాసీగా ఆమె లాంటి మనిషి దొరికి ఉంటే ఆ దొరకి బిరుదు దక్కేది కాదు.

గ్రానైటు కోసే షెడ్డులో మేనేజరు నాకోసం ఎదురు చూస్తున్నాడు. నల్లరాయి, మనిషెత్తుంది. ఇంగ్లీషు వైపు చెక్కడం అయిపోయింది: ఇది యాడపల్లె, ఈ ఊరిని కర్నలుగారు విముక్తం చేశారు, ఊరు ఆయనకి తన పేరునిచ్చింది. పుస్తకంలో 'శుభ్రం' అయింది రాయి మీదకి వచ్చేసరికి 'విముక్తం' అయింది. రాయి చెక్కే మేస్త్రి చెయ్యి తుడుచుకుని, "తెలుగు ఇస్తే సాయంత్రానికి చెక్కేస్తానమ్మా" అన్నాడు.

మేనేజరుకి మొత్తం చెప్పాను. అతను ముందు నవ్వాడు, తర్వాత నమ్మలేదు, తర్వాత ఇది పెద్ద విషయం అంటూ లార్డుగారికే ఫోను కలిపాడు. అక్కడ తెల్లవారిందేమో, ఆయన కాఫీ తాగుతున్న చప్పుడు వినిపించింది. గొంతు చాలా మెత్తన. నేను ఇంగ్లీషులో, వరసగా, తడబడకుండా చెప్పాను. కోపంలో నాకు ఇంగ్లీషు బాగా వస్తుంది.

ఆయన, "ఎంత అద్భుతమైన కథ" అన్నాడు. "మా తాతగారు వింటే ఎంత నవ్వేవారో. దీన్ని కూడా రాయి మీద వెయ్యొచ్చు కదా? వచ్చేవాళ్ళకి భలే నచ్చుతుంది."

"మీరు రోజూ పెట్టే సంతకం, ఇల్లు కాలినవాళ్ళు మీ వంశంలో మొదటాయన్ని అడిగిన ప్రశ్న అండీ" అన్నాను.

"అర్థమైంది. కానీ అది ఎప్పటి మాటో. పేరు నేను పెట్టుకున్నది కాదు కదా, పుట్టుకతో వచ్చింది" అన్నాడు మర్యాదగా.

పేరు పుట్టుకతో వచ్చిందట. మరి రెడ్డెమ్మ పెద్దలకి పుట్టుకతో వచ్చిన ఊరు ఏమైంది? ఆ మాటే అడిగాను. లైనులో ఏదో గరగర వచ్చింది. ఆయన పెట్టేశాడో, పోయిందో తెలియదు. మేనేజరు మాత్రం వెలిగిపోతూ, "సార్‌కి నచ్చింది మేడమ్! కథ కూడా వేసేద్దాం, సూపర్‌గా ఉంటుంది" అన్నాడు. అరికాలి మంట నెత్తికెక్కడమంటే ఏమిటో నాకు ఆ షెడ్డులో తెలిసింది. తిడితే, ఆ తిట్టుని కూడా ఫ్రేము కట్టించి గోడకి తగిలించుకునే మనుషుల్ని ఏం చెయ్యాలి? తెలుగు రాయనని చెప్పేశాను. మేస్త్రి ఉలి కింద పెట్టి టీ తెప్పించాడు. తాగకుండా వచ్చేసినందుకు మాత్రం బాధపడ్డాను, ఆయన తప్పేమీ లేదు.

ఆ సాయంత్రం నా రైలు కుప్పం స్టేషన్లో ఆగి, నేను లేకుండానే వెళ్ళిపోయి ఉంటుంది. నేను పలమనేరు బస్సులో నిలబడి ఉన్నాను.

మళ్ళీ కొత్తూరు

పంచాయతీ ఆఫీసు ముందు టెంటు వేసి కుర్చీలు వేశారు. కొత్తూరు జనం కుర్చీలు వదిలేసి నేల మీదే కూర్చున్నారు. మేనేజరు లీజు సంగతి చక్కగా వివరించాడు. ఉద్యోగాలు వస్తాయన్నాడు, రోడ్డు పడుతుందన్నాడు. దిబ్బ విషయానికి వచ్చేసరికి పుస్తకం చూపించి, ఇది యాడపల్లె అనే వేరే ఊరిదని, ఆ ఊరికి వారసులు లేరని చెప్పాడు.

నేను లేచి ఆ పుస్తకమే అడిగి తీసుకున్నాను. ఆ పేజీ ఇంగ్లీషులో చదివి, తెలుగులో చెప్పాను. దొర ఏ పల్లె అని అడిగాడు, మీ పెద్దలంతా ఒక్క గొంతుతో ఒక మాట అన్నారు, దొర దాన్ని ఊరి పేరనుకుని రాసుకున్నాడు అన్నాను. ఆ మాటేమిటో చెప్పగానే ముందు నవ్వులు లేచాయి. నాగరాజు అయితే, "నేను ఆపొద్దే అడిగితినమ్మా" అని అరిచాడు. ఆ నవ్వు వెనక వరసల దాకా వెళ్ళి, అక్కణ్ణుంచి తిరిగి వచ్చేలోపు ఆగిపోయింది. ముసలివాళ్ళు నవ్వలేదు.

రెడ్డెమ్మ లేచింది.

"అడిగింది మావోళ్ళయితే, ఊరు మాది గదప్పా. ఊరు కాలినోడు గాక ఇంగెవురు అడగతారు అట్ల? మీ పుస్తకంలోనే ఉండాదే. ఇంగ వారసులు లేరని యాల అంటాండావు?"

మేనేజరు నా దగ్గర్నుంచి పుస్తకం తీసుకుని ఆ పేజీ మళ్ళీ చదువుకున్నాడు. సర్పంచి పక్కవాళ్ళతో మాట్లాడి, బీడు లీజుకివ్వడం ఈ పంచాయతీకి సమ్మతం కాదని రాయించాడు. కొత్తూరు వాళ్ళ చేతులు లేచాయి, పక్క ఊళ్ళ చేతులూ లేచాయి. కంపెనీ ఊరుకుంటుందని నేను అనుకోను. పైన చాలా ఆఫీసులున్నాయి. కానీ ఆ రోజుకి ఆ బీడు ఆవులదే.

జనం లేస్తుంటే మేనేజరు రెడ్డెమ్మ దగ్గరికి వచ్చాడు. ఓడిపోయినవాడిలా లేడు. అతని వృత్తి అలాంటిది. ఫోను తీసి రాసుకోవడానికి సిద్ధంగా పెట్టుకుని, ఎంతో వినయంగా అడిగాడు.

"సరేనమ్మా, తప్పు మాదే. మరి మీ పాతూరి అసలు పేరేంటి? అది చెప్పండి. రాయి మీద అదే చెక్కిస్తాం. సార్‌ని ఒప్పించే పూచీ నాది."

"ఉండాదప్పా పేరు" అంది రెడ్డెమ్మ. "పాలు పోసేటప్పుడు మా ఆడోళ్ళం లోపల్లోపల అనుకుంటాం. మొగోళ్ళకి గూడా తెల్దు."

"అదే, చెప్పండమ్మా."

"సెప్పను. సెప్తే ఆ పేరుతో ఇంగొగ దొర లేస్తాడు."

ఆమె చీర దులుపుకుని ఆవుల వైపు నడిచింది. రోడ్డు దాకా నేను ఆమె వెంటే నడిచాను. బస్సు వచ్చేదాకా నా సంచి తనే పట్టుకుంది. ఆ పేరు నాకూ చెప్పలేదు. నేనూ అడగలేదు.